కోటు జేబులో డబ్బా

ఆ ఆదివారం కూడా క్లిఫ్ ఓల్డ్‌రాయిడ్ గోడవైపు తిరిగి కట్టుడు పళ్లు తీసి, రుమాలుతో తుడిచి, వెనక్కి చూడకుండానే చేయి చాచాడు. ఎనోక్ ఆ చేతి కింద పాత పొగాకు డబ్బా పట్టాడు. పళ్లు అందులో పడ్డాయి. మూత నొక్కి డబ్బాను కోటు లోపలి జేబులో వేసుకున్నాడు. ఆట ఉన్న ప్రతి ఆదివారం ఏళ్ల తరబడి జరుగుతున్న పనే అది. దాని గురించి ఇద్దరూ మాట్లాడుకునేవారు కారు.

ఎనోక్ ఆ రగ్బీ జట్టు సామాను చూసే మనిషి. జెర్సీలు, బూట్లు, దూది, వేడినీళ్లు, టీ అన్నీ ఆయన బాధ్యతే. జట్టు బట్టలు మార్చుకునే ఆ గదిలో ముందుపళ్లు లేనివాళ్లు ఇంకా నలుగురున్నారు. ముందు వరుసలో నిలబడి తలతో, భుజంతో తోసేవాళ్లకు పళ్లు మిగలడం అరుదు. వాళ్లు తమవి తీసి కిటికీ గట్టు మీది కప్పులో పడేసేవారు. ఆట అయ్యాక ఎవరివి ఏవో వెతుక్కుంటూ వేళాకోళాలు చేసుకునేవారు.

"హెడ్లీ, నీ పళ్లకి నిన్నటి చేప ఇంకా అంటుకునే ఉందిరా."

"నీకెందుకు బాధ? ఆకలేస్తే అడుగు, పెడతాను."

క్లిఫ్ ఆ నవ్వుల్లో చేరేవాడు కాదు. అతని ముందుపళ్లు పెళ్లికి కొన్ని వారాల ముందు అవతలి జట్టువాడి మోచేతికి పోయాయి. పెళ్లి ఫోటో నాటికి కొత్తవి కట్టించుకున్నాడు. అప్పటినుంచి భార్య మేవిస్ ఎదుట ఒక్కసారి కూడా పళ్లు లేని నోటితో కనబడలేదు. ఒక ఏడు కాలర్‌బోన్ విరిగి స్ట్రెచర్ మీద పడుకున్నప్పుడు కూడా నొప్పి మాట ఎత్తలేదు. పెదాలకు చేయి అడ్డం పెట్టుకుని ఎనోక్‌ను దగ్గరికి పిలిచాడు.

"పెద్దాయనా, మేవిస్ వచ్చేలోపు అవి ఇచ్చెయ్."

"ఇదుగో, ఇక్కడే ఉన్నాయి."

"ఎప్పుడేం జరిగినా సరే. ముందు అవి. ఆ తరవాతే ఆవిడ."

"సరేరా అబ్బాయ్."

కరెంటు కోతల శీతాకాలం కనుక ఆట మధ్యాహ్నమే మొదలైంది. కొండల మీదినుంచి వచ్చే గాలికి గోల్ స్తంభాలు కదులుతున్నాయి. ఎనోక్ తడి స్పాంజి ఉన్న బకెట్టు పక్కన పెట్టుకుని మైదానం అంచు గీత దగ్గర కూర్చున్నాడు. అందరూ బంతిని చూస్తారు. ఎనోక్ పదో నంబరును, అంటే క్లిఫ్‌ను చూసేవాడు.

చూడటానికి అందులో పెద్దగా ఏమీ ఉండేది కాదు. బంతి చేతికి రాగానే క్లిఫ్ ఎదురుగా ఉన్న ముగ్గురి మీదికి నేరుగా పరిగెత్తేవాడు. వాళ్లు పడేసేవారు. లేచి, కాలి కింద బంతి వదిలి, వెనక్కి నడిచి మళ్లీ వరుసలో నిలబడేవాడు. అతని మీద పడిన ముగ్గురూ లేచేలోపు అంచున ఉన్న కుర్రాడు ఖాళీలో పరిగెత్తి గోల్ గీత దాటేవాడు. చప్పట్లు ఆ కుర్రాడికి. ఊరి పత్రికలో క్లిఫ్ పేరు ఎప్పుడైనా వస్తే చివరి వాక్యంలో, మరో ఇద్దరి పేర్లతో కలిసి వచ్చేది.

ఒకసారి అతనే బంతితో గీత మీద పడ్డాడు. మీద ఆరుగురు పడ్డారు. బురదలో రెఫరీకి నంబరు కనబడలేదు. పత్రికలో ఆ పాయింట్లు హెడ్లీ పేరు మీద పడ్డాయి. హెడ్లీ సిగ్గుపడుతూ పత్రిక తెచ్చి చూపిస్తే, "పోనీలేరా. నీకు పెళ్లి కావాలి, నాకైపోయింది," అన్నాడు క్లిఫ్.

మరొకసారి కౌంటీ జట్టుకు పిలుపు వచ్చింది. ఆట మొత్తం దుప్పటి కప్పుకుని బయటే కూర్చున్నాడు. ఎవరికీ దెబ్బ తగల్లేదు, అతన్ని లోపలికి పంపలేదు. మట్టి అంటని జెర్సీతో ఇంటికి వెళితే మేవిస్ దాన్ని కూడా ఉతికి ఆరేసిందట. ఆ సంగతి చెప్పినప్పుడు క్లిఫ్ నవ్వాడు, పెదాలు మూసుకునే.

ఎడమ చెవి ఎప్పుడో నలిగి ముద్దయిపోయింది. మెడ ఒక పక్కకు తిరగదు. శనివారం రాత్రి బొగ్గుగనిలో షిఫ్టు చేసి, పొద్దున నాలుగు గంటలు పడుకుని ఆటకు వచ్చేవాడు. వచ్చే ఏడు తనను జట్టులోకి తీసుకోరని అతనికి తెలుసు. ఎవరూ చెప్పలేదు. ఈ మధ్య కోచ్ అతనితో మరీ మర్యాదగా మాట్లాడుతున్నాడు, అందువల్ల తెలిసింది.

స్క్రమ్‌లో రెండు జట్ల వాళ్లూ తలలు దూర్చి తోసుకునేటప్పుడు మొహాలు ఎవరికీ కనబడవు. అక్కడ మాత్రం క్లిఫ్ నోరు విప్పేవాడు. ఆ రోజు అవతలివైపు కుర్రాడొకడు, "ఏం తాతా, పెన్షను వచ్చిందా?" అన్నాడట. "వచ్చిందిరా. మీ అమ్మమ్మా నేనూ కలిసే తెచ్చుకున్నాం," అన్నాడట క్లిఫ్. ఆ నవ్వుకు తమ వరుసే కూలిపోయిందనీ, అందుకే బంతి పోయిందనీ ఆట ముగిశాక హెడ్లీ గదిలో అందరికీ చెప్పాడు. హెడ్లీ కనుబొమ్మ మీదినుంచి రక్తం కారుతోంది. జట్టు ఓడిపోయింది.

క్లిఫ్ తన కొక్కెం కింద బల్ల మీద కూర్చుని ఒక బూటు విప్పాడు. కుడిచేయి మోకాలి మీద వెల్లకిలా పెట్టాడు. ఎనోక్ జేబులో చేయి పెట్టి అటు నడిచాడు.

"ఎనోక్, ఇది ఆగట్లేదయ్యా. ఆ దూది ఇటు తే."

ఎనోక్ డబ్బాను జేబులోనే వదిలేసి హెడ్లీ దగ్గరికి వెళ్లాడు. దూది అదిమిపట్టి వెనక్కి చూస్తే క్లిఫ్ గోడకు తల ఆనించి కళ్లు మూసుకుని ఉన్నాడు. రాత్రంతా గనిలో ఉండి వచ్చాడు, ఓ కునుకు తీయనీ అనుకున్నాడు. మిగతావాళ్లు పెద్ద తొట్టిలోకి దిగారు. నీళ్ల చప్పుడు, శ్రుతి కలవని పాట, ఆవిరి. ఎనోక్ అందరికీ టీ పోసి, ఒక కప్పు క్లిఫ్ పక్కన బల్ల మీద పెట్టాడు.

ఆ కప్పు మీద తొరక కట్టింది. ఎనోక్ మోకాళ్ల మీద కూర్చుని క్లిఫ్ రెండో బూటు తాడు విప్పబోయాడు. వేళ్ల కణుపులు వాచిన రోజుల్లో ఆయనే విప్పేవాడు. పాదం చేతిలో బరువుగా ఉంది. ఆ బరువు ఎనోక్‌కు కొత్త. తల ఎత్తి చూశాడు.

"హెడ్లీ," అని పిలిచాడు. గట్టిగా పిలవలేదు. అయినా పాట ఆగింది.

అంబులెన్సు వచ్చింది. ఒంటికి తువ్వాళ్లు చుట్టుకున్న మగవాళ్లు అతన్ని మోశారు. కోచ్ బయటికి వెళుతూ, "ఎనోక్, నువ్వు ఇక్కడ సామాను చూడు. మేవిస్‌కి ఎవరైనా కబురు చెబుతారు," అన్నాడు. ఎనోక్ సామాను చూశాడు. ఇంకేం చేయాలో తెలియలేదు. తడి జెర్సీలు తిరగేసి కుప్పగా వేశాడు. కింద పడిన బూటు తీయడానికి వంగినప్పుడు డబ్బా పక్కటెముకకు గుచ్చుకుంది.

తలుపు తాళం వేయడం కూడా మరిచిపోయి వీధిలోకి పరిగెత్తాడు. ఆదివారం బస్సులు తక్కువ. స్టాపులో నిలబడి డబ్బాను కోటు పైనుంచే పట్టుకున్నాడు. మేవిస్ ఊరి అవతల అక్కగారింటికి వెళ్లి ఉంటుంది, కబురు ఆలస్యంగా అందుతుంది అని లెక్క వేసుకున్నాడు. బస్సులో కండక్టరు, "ఎవరు గెలిచారు తాతా?" అని అడిగాడు. "మనం కాదు," అన్నాడు ఎనోక్.

ఆసుపత్రి వసారాలో ఒక్క దీపమే ఉంది. నర్సు చూపించిన గదిలోకి వెళ్లేసరికి మేవిస్ అప్పటికే మంచం పక్కన కూర్చుని ఉంది. కోటు గుండీలు ఒకటి తప్పించి పెట్టుకుంది. దుప్పటి క్లిఫ్ గడ్డం దాకా ఉంది. బుగ్గలు లోపలికి పోయి ఉన్నాయి.

"రండి ఎనోక్ గారూ."

"ఆలస్యం చేశానమ్మా."

"మీరేం చేస్తారు? అక్కడే, కూర్చున్నచోటే పోయాడని డాక్టరు చెప్పాడు."

ఎనోక్ చేయి కోటు లోపలికి వెళ్లింది. మేవిస్ ఆయన వైపు చూడటం లేదు.

"దీపం ఆర్పాకే తీసేవాడు," అంది. "తెల్లవారి నేను లేవకముందే పెట్టుకునేవాడు. నేను నిద్ర నటించేదాన్ని. గాజుగ్లాసులో అవి టంగున తగిలితే, అమ్మయ్య, లేచాడు అనుకునేదాన్ని."

"నీకు తెలుసా?"

"తెలియకేం? ఆయన అంత కష్టపడి దాచుకుంటుంటే చూడ్డం బాగుండదని ఊరుకున్నాను." దుప్పటి అంచు సరిచేసింది. "ఇవాళే చూడ్డం. అచ్చం వాళ్ల నాన్నలాగే ఉన్నాడు. ఏమీ సర్దొద్దని నర్సుకి చెప్పాను. ఇంకాసేపు చూసుకుంటాను."

ఎనోక్ జేబులోంచి ఖాళీ చేయి బయటికి తీసి, పక్క కుర్చీలో కూర్చుని మోకాలి మీద పెట్టుకున్నాడు.

గురువారం ఖననం. ముందు వరుసవాళ్లే శవపేటిక మోశారు. స్క్రమ్‌లో పట్టుకున్నట్టే ఒకరి భుజం మీద ఒకరు చేయి వేసుకున్నారు. అంతకుముందు రోజు ఎనోక్ పదో నంబరు జెర్సీ ఉతికి, ఇస్త్రీ చేసి మేవిస్ ఇంటికి తీసుకెళ్లాడు. ఆమె గుమ్మంలోనే దాన్ని అందుకుని గుండెలకు ఆనించుకుంది.

"ఇంకేమైనా ఉందా ఎనోక్ గారూ?"

"లేదమ్మా," అన్నాడు.

తరవాతి ఆదివారం ఆ కొక్కెం కింద కొత్త కుర్రాడు కూర్చున్నాడు. వాడికి పళ్లన్నీ ఉన్నాయి. మిగతావాళ్లు తమవి తీసి కిటికీ గట్టు మీది కప్పులో వేశారు. ఎవరూ వేళాకోళం చేయలేదు. ఎనోక్ బకెట్టు, స్పాంజి తీసుకుని గీత దగ్గరికి వెళ్లి కూర్చున్నాడు. పొగాకు డబ్బా కోటు లోపలి జేబులోనే ఉంది. దాన్ని ఇంకా ఎవరికీ ఇవ్వలేదు.