పరదేశి కుర్చీ

సుగుణ తీస్తున్న డాక్యుమెంటరీలో రైల్వే కార్మిక నాయకుడు పరదేశి ఫొటో ఒక్కటీ ఉండదు. చనిపోయేదాకా ఆయన వాడిన చెక్క కుర్చీ ఉంటుంది, అంతే. ఆయన్ని ఎరిగినవాళ్ళు అందులో కూర్చుని, తామే పరదేశి అయినట్టు "నేను" అంటూ మాట్లాడాలి. ఇదేం సినిమా అని రాయపూర్ రైల్వే కాలనీ మొదట నవ్వింది, తర్వాత కుర్చీ కోసం ఎగబడింది. పొద్దుటినుంచీ రిటైరైన గ్యాంగ్‌మన్లంతా మీసాలు దువ్వుకుని డెబ్బైనాలుగు నాటి రైల్వే సమ్మె మళ్ళీ చేస్తున్నారు.

పరదేశి భార్య వరహాలమ్మ గుమ్మంలో కూర్చుని మురిసిపోతోంది. వచ్చే ఆదివారం చౌక్‌లో ఆయన విగ్రహం పెడతారు, అక్కడే సినిమా వేస్తారు. ఆమెకు నచ్చని ముక్క ఉంచనని సుగుణ మాటిచ్చింది.

అంతలో దానయ్య వచ్చాడు.

వరహాలమ్మ గుమ్మంలోంచి లేచి నిలబడింది. పక్క క్వార్టరు మనిషి. జబ్బుపడ్డ పెళ్ళాం దాలమ్మకి రైల్వే ఆస్పత్రి మందు ఆగిపోతుందని సమ్మెలో డ్యూటీకి వెళ్ళాడు. పరదేశి అతనికి హుక్కాపానీ బంద్ చేయించాడు. ఆ ఇంటికి నిప్పు, నీళ్ళు, పలకరింపు ఏవీ లేకుండా చేశారు. దాలమ్మ పోతే పాడె మోయడానికి కాలనీలో ఒక్కడూ కదల్లేదు.

"ఈడ్ని కూకోనీకు, సుగుణా!"

"బస్, ఒక్క మాట, వదినా. అబద్దమైతే నువ్వే ఆపు," అన్నాడు దానయ్య.

కూర్చుని, అచ్చం పరదేశిలాగే మోకాలి మీద చెయ్యి వేశాడు.

"నేను పరదేశిని. దానయ్యని కుళాయికాడ్నుంచి తరిమించినాను. ఎండలు మండిపోతన్నాయి. గోడవతల దాలమ్మ దాహం, దాహం అంటంది. నా ఇంటిది బిందె ఎత్తింది. దించు అన్నాను." అతను వరహాలమ్మ కేసి తిరిగాడు. "నేనంటే మూర్కుణ్ణి. నువ్వేటికి దించీసినావే, వరాలూ?"

వరాలూ అని పిలిచింది మొగుడొక్కడే, అదీ నాలుగు గోడల మధ్య. ఆ గోడ ఇవతలి మాట అవతలికీ వినిపిస్తుందని ఇన్నేళ్ళలో ఆమెకు తట్టనే లేదు. ఆయన వద్దన్నాడు, నేనేం చెయ్యను అని తనకు తాను చెప్పుకుంటూ బతికేసింది.

"తీసెయ్యమంటావా, పెద్దమ్మా?" సుగుణ మెల్లగా అడిగింది.

ఒక్క మాటంటే చాలు, విగ్రహానికి మచ్చ పడదు. ఆ మాట నోటిదాకా వచ్చింది. వరహాలమ్మ దాన్ని మింగేసింది.

"ఉండనీ."

లోపలికి వెళ్ళి గ్లాసుతో మంచినీళ్ళు తెచ్చి చాపింది. దానయ్య కుర్చీలోంచి లేచాడు.

"నీళ్ళడిగింది నేను కాదు, వదినా," అని చెప్పులు తొడుక్కుని వెళ్ళిపోయాడు.