అర మెట్టు కింద

ఆర్కెస్ట్రాలోకి ఎంపిక. తెర వెనక కూర్చుని వాయించాలి. అవతల ఐదుగురు న్యాయనిర్ణేతలు. వాయించేది ఎవరో వాళ్లకు తెలియకూడదట. చెప్పుల చప్పుడు వినపడకుండా కింద తివాచీ కూడా పరిచారు. నోరు విప్పితే ఇంటికే. ఆ ఐదుగురిలో మా మాస్టారు ఒకరని నాకు తెలుసు. ఏడో ఏట నా చేతికి చెల్లో, అంటే కాళ్ల మధ్య నిలబెట్టి వాయించే పెద్ద వయొలిన్, ఇచ్చింది ఆయనే. "దీన్ని నిద్రలో లేపి అడిగినా శ్రుతి తప్పదు" అని కనపడ్డవాళ్లకల్లా చెప్పి మురిసిపోయేవారు.

అలాంటి చదువును పన్నెండేళ్లు రాక్ బ్యాండులో తగలేశాను. బ్యాండు మా అన్నయ్యది, పాడేదీ వాడే. పై స్వరాలు వాడి గొంతుకు అందవు. అందుకని గిటార్లు, నా చెల్లో, అన్నిటి శ్రుతినీ అర మెట్టు కిందకు దించుకునేవాళ్లం. దొరగారి కోసం లోకమే దిగిరావాలి మరి!

"ఏమే, ఆ మూలుగుడు పెట్టె ఇంకాస్త గట్టిగా!" అని వేదిక మీదే అరిచేవాడు. నవ్వేదాన్ని. జనం ఊగుతుంటే నాకూ ఒళ్లు తెలిసేది కాదు, అబద్ధమెందుకు. పోయిన ఏడాది చెల్లోలా మోగే కీబోర్డు ఒకటి తెచ్చాడు.

"వ్యాన్‌లో చోటు కలిసొస్తుందే" అన్నాడు. అంతే, నా పని అయిపోయింది.

ఆర్కెస్ట్రాలో ఖాళీ ఒక్కటే. వచ్చే ఏడాదికి నా వయసు దాటిపోతుంది. ఇది పోతే నాకిక దిక్కులేదు. ఆరు నెలలు తలుపులు మూసుకుని, ఒక్కదాన్నే, వేళ్లు కాయలు కాసేలా సాధన చేశాను.

పక్క గదిలో తీగలు సరిచేసుకోమన్నారు. బల్ల మీద శ్రుతి చూసే మీటరు పెట్టారు. నాకు మీటరా! ముట్టుకోలేదు. కళ్లు మూసుకుని చెవితోనే చూసుకున్నాను.

తెర వెనక నాకు తోడుగా వాయించే పియానో ఆయన మొదలుపెట్టాడు. తీగ మీద కమాను వేశాను. ఛీ! అన్నంలో రాయి పంటికింద పడ్డట్టయింది. ఆపి మళ్లీ మొదలుపెట్టాం. మళ్లీ అదే. ఒళ్లు మండిపోయింది. నా బతుకంతా ఓ పాడు పియానో మింగేస్తుంటే ఊరుకోవడం నావల్ల కాలేదు.

"పియానో శ్రుతి ఎక్కువుందండీ! ముందే చూసుకోవద్దా?"

పియానో ఆయన తలదించుకున్నాడు. అవతల కుర్చీ జరిగింది.

"నువ్వా తల్లీ?" మాస్టారి గొంతు. "పియానో సరిగ్గానే ఉందమ్మా. పొద్దుట్నుంచి ఇరవై మంది దాంతోనే వాయించారు."

అర మెట్టు తక్కువున్నది నా చెల్లో. నా చెవి అన్నయ్య గొంతు దగ్గరే ఆగిపోయింది. "మీరు వెళ్లొచ్చండి" అని ఇంకెవరో అన్నారు.

ఇంటికొచ్చి మీటరు పెట్టి తీగలు బిగించాను. ముల్లు సరిగ్గా మధ్యలో నిలిచింది. గంటసేపు వాయించాను. ప్రతి స్వరమూ తప్పుగానే వినిపించింది. చివరికి తీగలను మళ్లీ అర మెట్టు దించాను. ప్రాణానికి హాయిగా ఉంది. అప్పుడొచ్చింది ఏడుపు.