ఎనిమిదో పువ్వు

తనిఖీకి వచ్చిన అధికారి డానియేలు గడియారం చూసుకున్నాడు. "ఇంక పది నిమిషాలే ఉంది మేడం. ఒక్క పిల్లను అడుగుత. చెప్తే మీ సూదుల క్లాసు ఉంటది. లేకుంటే సోమవారం నుంచి బంద్."

సుజన టీచర్ సూదుల డబ్బాను బల్ల మీద ముందుకు జరిపింది.

ఉప్పుగూడ సర్కారు బడిలో నాలుగో తరగతికి ఆమె భిన్నాలు చెప్పేది ఖాకాతో. జరీ పని చేసే ఇళ్లలో బట్ట మీదికి డిజైను దించడానికి, కాగితం మడిచి సూదితో గుచ్చి తయారుచేసుకునే నమూనా అది. ఒక మడత వేస్తే సగం, రెండు వేస్తే పావు. ఎక్కాలు రాని పిల్లలు కూడా ఇట్టే పట్టుకున్నారు.

పక్కనే నిలబడ్డ హెడ్మాస్టర్ బాలనర్సింహకు మాత్రం ఈ క్లాసంటే మొదటినుంచీ మంటే. "గిది బడా, కార్ఖానానా?" అని పొద్దున కూడా వెటకారమాడాడు.

డానియేలు చూపు బెంచీల మీద తిరిగి తిరిగి చివరి వరుసలో ఆగింది. నుజహత్! జూన్ నుంచి క్లాసులో నోరు విప్పని పిల్ల.

"పావుల సగం ఎంత బిడ్డా?"

నుజహత్ బెంచీ మీది కాగితం వైపు చూసింది.

"అయిపాయె," అన్నాడు బాలనర్సింహ.

అప్పుడు లేచిందా పిల్ల. కాగితం అందుకుని మూడు మడతలు వేసింది. సూదితో చకచకా చిన్న పువ్వు గుచ్చి, మడతలు విప్పి, కిటికీ వెలుతురుకు ఎత్తి పట్టుకుంది.

డానియేలు లెక్కపెట్టాడు. "ఏడు పువ్వులే ఉన్నయ్. అంటే ఏడింట్ల ఒకటా?"

బాలనర్సింహ కిసుక్కున నవ్వాడు. సుజన కళ్లు మూసుకుంది.

"కాదు సార్. ఎనిమిదింట్ల ఒకటి." గొంతు సన్నగా ఉంది కానీ వణకలేదు. "సూది చిన్నది. అడుగు మడత దాకా దిగలే. మా అమ్మీ అయితే పెద్దది వెడ్తది. కండ్లతోని గాదు సార్, ఏలుతోని చూడుండ్రి."

ఖాళీగా కనిపిస్తున్న గడి మీద డానియేలు వేలు పెట్టి మెల్లగా జరిపాడు. ఆగాడు. తగిలీ తగలని బొడిపెలు, గుండ్రంగా, పువ్వు ఆకారంలో.

కాగితాన్ని హెడ్మాస్టర్ ముందుకు జరిపాడు. బాలనర్సింహ తడిమి చూశాడు. నవ్వు ఎటు పోయిందో పోయింది.

డానియేలు పెన్ను తీశాడు. "మేడం, పిల్లలకు జర పెద్ద సూదులు తెప్పియ్యుండ్రి."

సుజన ఊపిరి పీల్చుకునేలోపే, జూన్ నుంచి ఇవాళ్టిదాకా వినపడని ఆ గొంతు మళ్లీ లేచింది.

"సార్, పదహారు చేసి చూపియ్యాల్నా?"