అక్టోబరులో గీయని గీత

మూడోది కూడా కాలిపోయింది, తాళం తిప్పీ తిప్పగానే, పెట్రోలు పంపుకి వెళ్ళే ఇరవై ఆంపియర్ల పసుపు ఫ్యూజు, హారన్‌ది పీకి పెట్టాను, సిగరెట్ లైటర్‌ది పీకి పెట్టాను, ఆ కొలతది ఇక ఒక్కటే మిగిలింది, నా పిడికిట్లో ఉంది, వేళ్ళు కొంకర్లు పోతున్నాయి, పక్క సీట్లో నాన్న ఎడమచెయ్యి ఒళ్ళో పెట్టుకుని ముందుకు చూస్తున్నాడు, గుండెనొప్పి అనడు, ఈ ఆర్విడ్ హాగెన్ నోటివెంట ఆ మాట వస్తే పరువు పోదూ, పొద్దున లెఫ్సె రొట్టె ఇంకోటి తిన్నానే అంతే అంటాడు, పెదాలు మాత్రం నీలంగా ఉన్నాయి, ఆసుపత్రి ఇరవై మైళ్ళు, ఫోనుకి సిగ్నల్ లేదు, మిట్టమధ్యాహ్నం డకోటా చలి సున్నాకి ఇరవై డిగ్రీలు దిగువన, పికప్ ఆగి పావుగంటైంది, మా ఊపిరే అద్దానికి లోపల మంచై పేరుకుంటోంది, భయంగా ఉంది, ఇంత భయం నాకెప్పుడూ వెయ్యలేదు.

లైట్లకుండే ముప్పై ఆంపియర్ల ఫ్యూజు పెట్టేస్తే, ఇరవై మైళ్ళేగా అన్నాను, వద్దు తల్లీ అన్నాడు నాన్న, ఆ తీగ ట్యాంకు పక్కనుంచి పోతుంది, ఫ్యూజు కాలకపోతే మనం కాలతాం, ఈ నొప్పిలోనూ ఎకసెక్కాలే, ఊహించకు, వేలుపెట్టి చదువు, నా పన్నెండో ఏటా ఇదే మాట, వంటింటి బల్లమీద ఇప్పుడు నా ఒళ్ళో ఉన్న ఈ వైరింగు పటమే పరిచి నా వేలు పట్టుకుని గీతలమీద నడిపించేవాడు, సరే చదువుతున్నాను, బ్యాటరీ, ఫ్యూజుపెట్టె, రిలే స్విచ్చి, అక్కణ్ణుంచి బూడిదరంగు తీగ బండి కిందుగా వెనక్కి, పంపుకి, ఎక్కడో ఒలుచుకుపోయి ఇనుముకి తగులుతోంది, ఎక్కడ, చుట్టూ నాన్న పెన్సిల్ గీతలు, బండికి తను కలిపిన ప్రతి తీగా గీశాడు, ట్రైలర్ దీపాలకొకటి, ఇంజిన్ వెచ్చబెట్టేదానికొకటి, తేదీలతో సహా, గీయని తీగ దొంగతీగ అంటాడు, బూడిదరంగు గీతమీద పెన్సిలే లేదు, శుభ్రంగా ఉంది, మరి అక్టోబరులో బండి వెనక తొట్టిలో దీపం పెట్టిందెవరు, చేతికందిన తీగకి కలిపిందెవరు, గీశావా అమ్మడూ అంటే ఆఁ అన్నదెవరు, అప్పుడు చేతికి గ్రీజుంది, తర్వాత గీద్దామనుకున్నాను.

నాన్నా, దీపం తీగ గీయలేదు, అబద్ధం చెప్పాను, ఆయన కళ్ళు మూసుకునే, అయితే పోయి కోసెయ్ అన్నాడు, వెల్లకిలా మంచులోకి దూరాను, తొట్టి మూలన ఉంది, నేను కలిపిన తీగ ఒరుసుకుని రాగి మెరుస్తోంది, దాన్ని కత్తిరించాను, టేపు చుట్టాను, చివరి ఫ్యూజు నొక్కాను, తాళం, వెనక ట్యాంకులోంచి పంపు రొద, ఇంజిన్ అందుకుంది, నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

గేరు వేస్తుంటే నాన్న నా మోచెయ్యి పట్టుకున్నాడు, నేనూ ఒకటి గీయలేదే, ఈ నొప్పి ఇవాళ్టిది కాదు, అక్టోబరు నుంచీ ఉంది, కాలు యాక్సిలరేటర్‌ని అదిమింది, రోడ్డు తెల్లగా ఎటూ తేలకుండా ఉంది, రోజూ పొద్దున కాఫీ పోస్తూ బావున్నావా నాన్నా అని అడిగేదాన్ని, ఆఁ అనేవాడు, అచ్చం నేనన్నట్టే, నేనూ నమ్మేశాను.