వెనకాల చప్పుడు

"నవనీతా, జర కుక్కర్ చూడు బిడ్డా!"

మళ్లీ రికార్డింగు పాడైంది. పొద్దున భర్త తువ్వాలనీ, తాళాలనీ కేకలేసి చెడగొట్టాడు, ఇప్పుడు అత్తగారు. పడకగదికి గడియ పెట్టి, ఫ్యాను ఆపి, నెత్తిమీదుగా దుప్పటి కప్పుకుని తన సినిమాకు మైకులో చెబుతున్న వ్యాఖ్యానం సగంలో తెగిపోయింది. అత్తగారు లలితమ్మ వంటింట్లోనే ఉంది. కుక్కర్ ఆమె ముందరే ఉంది. అయినా అది కూత పెడితే లేవాల్సింది నవనీతే.

సాయంత్రంలోగా సినిమా హైదరాబాదుకు పంపకపోతే డాక్యుమెంటరీ ఫెస్టివల్లో చోటు పోతుంది. చేగుంట దగ్గర ఓ ఊళ్లో బెల్టుషాపు మూయించిన ఆడవాళ్ల మీద రెండేళ్లు తిరిగి తీసిన సినిమా అది. పెళ్లికి ముందు ధర్నాల్లో, లాఠీల మధ్య నిలబడి తీసిన మనిషికి మెదక్‌లో మిగిలిన పేరు 'వీడియోలు తీసే కోడలు'. "గా కెమెరతోని పెళ్లిళ్లు తీస్తే పైసలన్న వస్తుండె" అని మరిది. "ఇంట్ల ఖాళీగనే ఉంటది కదా" అని భర్త ప్రభాకర్, తన ఎరువుల షాపుకొచ్చిన వాళ్లందరితో. ఖాళీ అట! టిఫిన్లు, బట్టలు, అత్తగారి షుగర్ గోలీలు ఎవరు చూస్తున్నారో! తలచుకుంటేనే ఒళ్లు మండేది.

కుక్కర్ దింపి వచ్చి, కత్తిరించకముందు తీసినదాన్ని మరోసారి చూసింది. తెరమీద ఐలవ్వ, ఆ పోరాటానికి ముందు నడిచిన మనిషి, "షాపుకు తాళమేసి రోడ్డు మీదనే పండుకున్నం" అంటోంది. వెనకాల నుంచి ఆమె మొగుడు, "ఐలవ్వా, ఉప్పేడ పెట్టినవే?" ఆమెతో పాటు నడిచిన జ్ఞానమ్మ మాట్లాడుతుంటే ఎవరో చాయ్ అడిగారు. ఇలాంటివన్నీ ఇన్నాళ్లూ శ్రద్ధగా కత్తిరించింది నవనీత. వట్టి చప్పుడే అనుకుంది. తన గొంతు వెనకా అదే చప్పుడు కదా అని ఇప్పుడు తట్టి, తన మీద తనకే కోపం వచ్చింది. ఊరిని ఎదిరించిన ఈ ఆడవాళ్లు ఇంట్లో ఎట్లా బతుకుతున్నారో చెప్పేది అదొక్కటే. దాన్నే తన చేతులతో తుడిచేస్తూ వచ్చింది.

హార్డ్‌డిస్కులోంచి ఆ ముక్కలన్నీ వెతికి తీసి మళ్లీ అతికించింది. తన మాటలు వచ్చే చోట కూడా పాడైన టేకులే పెట్టింది.

మధ్యాహ్నం ప్రభాకర్ అన్నానికి వచ్చాడు. "ఇంక వడ్డించలేదా?" అంటూనే మంచం మీద కూలబడి తెరవైపు చూశాడు. కాసేపటికి మొహం చిట్లించాడు.

"మంచిగనే తీసినవ్ గని, నీ మాట ఇనవడ్తనే లేదు. ఎన్కనుంచి ఎవడో ఒక్కతీర్గ ఒర్రుతుండు. ఎవడు వాడు? తీసెయ్ వాన్ని."

"మీరే" అంది నవనీత. సినిమా పంపేసింది.