ముగింపు తర్వాతి సంపుటిలో

దబ్బనానికి మైనం రాసిన దారం ఎక్కించి, సాయిలు ఏడో సంపుటి కుట్టడం మొదలుపెట్టాడు. నల్లగొండ ఆఫీసుల రిజిస్టర్లు బైండింగు కోసం మూలన పడి ఉన్నాయి. కూడు పెట్టేవి అవే. కానీ పొద్దుటిపూట చేతులు వణక్కుండా ఉన్నంతసేపూ వాటి మొహం చూసే రకం కాదు సాయిలు.

చిత్తుకాగితాల దుకాణం నుంచి పాత వారపత్రికలు తూకానికి తెస్తాడు. వాటిలోంచి కత్తివీరుల కథలూ మాంత్రికుల కథలూ చించి, వరసపెట్టి కుట్టి, అట్టలు వేస్తాడు. భార్య పోయినప్పటి నుంచి ఇదే పిచ్చి. వేళ్ల సందుల్లో అట్టలంటించే లై ఎండి పొట్టు లేస్తూ ఉంటుంది. ఎప్పుడో కట్టరు కింద నలిగిన బొటనవేలి గోరు వంకరగా మొలిచింది.

ఆ పుస్తకాలకు పాఠకుడు ఒక్కడే. నార్కట్‌పల్లిలో పత్తి లారీ నడిపే ఎల్లేష్.

ఈ పనిలో ఒక చిక్కుంది. పత్రికలో ఒక కథ ముగిసే కాగితం వెనకవైపే ఇంకో కథ మొదలవుతుంది. ఒకసారి పొరపాటున ఆ కాగితాన్ని తర్వాతి సంపుటికి ఉంచేశాడు. కొద్దిరోజులకే ఎల్లేష్ లారీ ఆపుకుని వచ్చి, "ఆ మాంత్రికుడు సచ్చిండా లేదా, సాయన్నా?" అంటూ కూర్చుని, చాయ్ తాగి, పొద్దుగూకేదాకా కబుర్లు చెప్పాడు. ఆ తర్వాత ప్రతి సంపుటికీ సాయిలు కావాలనే అలా చేశాడు.

మధ్యాహ్నం ఎల్లేష్ కళ్లద్దాలు సవరించుకుంటూ ఆరో సంపుటి పట్టుకుని వచ్చాడు. దాన్ని బల్ల మీద పెట్టాడు గానీ కూర్చోలేదు.

"సేటు లారీ అమ్మేసిండు. నాకు సూపు గూడ ఆనుతలేదు. కోస్గిల బిడ్డ కాడికి పోతున్న. ఇగ ఆడనే ఉంట."

సాయిలు దబ్బనం కింద పెట్టాడు. "కథ ఇంకా ఒడువలేదు గద, తమ్మీ. ఆఖరి కాగితం నా కాడనే ఉంది."

"ఒడువలే. నువ్వే జర సదువు, నేనింట."

చదవకపోతే దీని కోసమైనా మళ్లీ వస్తాడేమో. కానీ కళ్లు ఆనని మనిషిని ఒక్క కాగితం కోసం అంత దూరం నుంచి తిప్పడానికి సాయిలుకు మనసొప్పలేదు. ఏడో సంపుటి కుట్టు విప్పి, ఆ కాగితం తీసి, గట్టిగా చదివాడు. కోట కూలింది. మాంత్రికుడు రెండు వాక్యాల్లో చచ్చాడు. రాజకుమారి ఊసే లేదు.

"గింతేనా?"

"గింతే."

"ఓర్నీ! గీ దానికోసమా నేను గిన్ని దినాలు తిరిగింది!" ఎల్లేష్ పొట్ట పట్టుకుని నవ్వాడు. సాయిలూ నవ్వాడు. నవ్వుతూనే, ఇతన్ని రప్పించడానికి ఇక తన దగ్గర ఏమీ మిగల్లేదని భయపడ్డాడు.

"మల్లెప్పుడొస్తవ్?"

"సూద్దాం తియ్యే."

ఎల్లేష్ బల్ల దగ్గర కాసేపు నిలబడి, గుమ్మం తడుముకుంటూ మెట్లు దిగి, బస్టాండుకు ఆటో ఎక్కాడు. ఆటో మలుపు తిరిగాక కూడా సాయిలు వీధిలోనే ఉన్నాడు. ఎవరైనా పలకరిస్తే ఏడ్చేసేవాడే, ఎవరూ పలకరించలేదు. లోపలికొచ్చి, విప్పిన కుట్టు మళ్లీ వేద్దామని కూర్చున్నాడు. ఎవరి కోసమో తెలియలేదు.

బల్ల మీద ఎల్లేష్ కళ్లద్దాలు ఉన్నాయి. మరిచిపోయినవి కావు, సాయిలు ఆఖరి కాగితాలు ఉంచేసినట్టే కావాలని ఉంచినవి. శుభ్రంగా తుడిచి, మడిచి, ఆరో సంపుటి అట్ట మీద పెట్టి ఉన్నాయి.