ఎర్రమ్మ గారున్నారా?

జీడిపిక్కలు కొడుతున్నాను. చేతుల నిండా నల్లటి రసం. గూట్లో ఫోను మోగింది. కొంగు చుట్టి ఎత్తాను.

"నమస్కారమండీ, ఎర్రమ్మ గారున్నారా? ఇన్సూరెన్స్ గురించి..."

"మాకొద్దు బాబూ" అని పెట్టేశాను.

ఆ ఫోను మా ఆయనది. తోటలో సిగ్నల్ ఉండదని ఇంట్లో పెట్టిపోతాడు. కొబ్బరి బేరగాళ్ళు చేస్తే ధర అడిగి ఆయనకు చెప్పడం నా పని. వంట, పశువులు, పిక్కలు, వాటి మీద ఇదొకటి. ఫోను కొన్న కొత్తలో ఒక కంపెనీ పిల్ల చేసింది. ఫోను ఎవరి పేరు మీదుందని అడిగింది. మా ఆయనదన్నాను. పేరేమిటంది. నాకు నాలుక తిరగలేదు. "మొగుడి పేరు పలికితే ఆడి ఆయుస్సు తరుగుతాదే" అని పెళ్ళినాడే మా అత్త చెప్పింది. రేషన్ షాపులో కూడా నా వెనక ఉన్నవాళ్ళే ఆయన పేరు అందిస్తారు. ఇంట్లో ఆ పూట ఎవరూ లేరు. పోనీ మీ పేరు చెప్పండంది ఆ పిల్ల. చెప్పాను. అప్పటినుంచి అందరూ ఎర్రమ్మ గారినే అడుగుతున్నారు.

మొన్న ఆయనే ఎత్తాడు. అవతల మగ గొంతు. "ఎర్రమ్మ గారున్నారా?"

"నీ పేరు ఆడికెలాగ తెలుసే?"

"నీ పేరు పలకలేక నా పేరు సెప్పాను మావా."

"కతలు సెప్పకు. గారట, గారు! పిక్కలు కొట్టుకునేదానికి గారేటి?"

ఆ మాట దగ్గర నాకు చెయ్యి ఆగిపోయింది. ఆ రోజునుంచి తోటనుంచి రాగానే ఫోను వెలుగులోకి పట్టి చూస్తున్నాడు. మీట మీద జీడి మరక ఉంటే ఎవడికి చేశావంటాడు. తుడిచేస్తే, ఎందుకు తుడిచావంటాడు. బేరగాడితో మాట్లాడుతుంటే మా అత్త తలుపు చాటున నిలబడుతోంది. నాకూ అనుమానం మొదలైంది. ఫోను మీద కాదు. ఇన్నేళ్ళలో ఈ మనిషి నన్నొకసారైనా పేరుపెట్టి పిలిచాడా అని.

ఈ రోజు మా పుట్టినూరు పూండినుంచి మా అన్న కూర్మారావును పిలిపించాడు.

"బావా, నీ సెల్లిని తీసుకుపో. ఈ యవ్వారం నా వల్ల కాదు."

అన్న నా మొహం చూడలేదు. టీ గ్లాసులోకి చూస్తూ, "ఏటమ్మీ, నిజం సెప్పీ" అన్నాడు. నిజం ముందే చెప్పాను. ఎవరికీ పనికిరాలేదు. నా చీరలు అత్త అప్పుడే మూట కట్టి అరుగు మీద పెట్టింది.

అంతలో ఫోను మోగింది. ఆయన గబుక్కున అందుకుని, స్పీకరు పెట్టి నా ముందు పట్టాడు.

"ఎర్రమ్మ గారేనా అండీ?"

"ఇనుకో బావా, ఇనుకో!" అన్నాడు ఆయన.

నేను చేతులు కొంగుకు తుడుచుకున్నాను. ఫోను ఆయన చేతిలోంచి తీసుకున్నాను.

"బాబూ, ఈ ఫోను నాది కాదు. రాసుకో. పోలారావు."

"నోరు కడుక్కోయే!" అని అత్త గుండెలు బాదుకుంది. మా ఆయన మొహం పాలిపోయింది. పరాయి మగాడి గొంతు విన్నప్పుడు కూడా అంత బెదరలేదు.

"పోలారావు" అన్నాను మళ్ళీ, నిదానంగా. "ఇకనుంచి ఆ పేరే అడగండి."

"అలాగేనండీ. పోలారావు గారు మీకేమవుతారు?"

మా ఆయన నా వైపే చూస్తున్నాడు. నేను అరుగు మీది మూట చూశాను.

"ఆలోసించి సెప్తాను బాబూ" అని మీట నొక్కాను.